రెండు గడియల కాలము

గడచిన కాలమును వెనుకకు త్రిప్పు యంత్రమొకటి యున్న నెంత బాగుండునని యొక్కసారియైనను తలంపని మానవుడు లేడు. ఆంగ్ల రచయిత వెల్స్ 1895లో అట్టి యంత్రమును కల్పించి నవల వ్రాసెను. తెలుగువారికి దానిని 1991లో సింగీతం శ్రీనివాసరావుగారు ‘ఆదిత్య 369’ అను చలనచిత్రమున చూపిరి. అందలివారు యంత్రమెక్కి శ్రీకృష్ణదేవరాయల కొలువునకు పోయిరి; అటుపై రాబోవు 2504వ సంవత్సరమునకును పోయిరి. పిల్లలు చూచి మురిసిరి. పెద్దలును మురిసిరనుట దాచనేల? ఐనను ఇల్లు చేరి పడుకొన్న పిదప మనస్సున మెదలునది రాయల కొలువు కాదు. తల్లి తుదిగడియలో చెంత లేకపోయిన కొడుకు ఆ యొక్క పూటకు మరలిపోవలెనని కోరును. కోపమున నొకమాట జారవిడిచినవాడు ఆ మాటకు ముందరి క్షణమును కోరును.

భాగవతప్రియులకు ఇట్టి కోరికయే మరియొకటి కలదు. జనగామ జిల్లా పాలకుర్తి మండలమందలి బమ్మెర గ్రామమును పోతనామాత్యుని ఊరుగా ఆ ప్రాంతీయులు కొలుతురు. అటు జనగామనుండియు, ఇటు పెద్దలు మానుకోట యని పిలుచు మహబూబాబాదునుండియు వచ్చిన యాత్రికులు అచ్చట నిలిచినపుడు, ఆంధ్ర మహాభాగవతమున పంచమ, షష్ఠ, ఏకాదశ, ద్వాదశ స్కంధములు పోతన చేతివి కావనుట స్మరణకు వచ్చును. ఆ భాగములు శిథిలమయ్యెనని పరంపరగా చెప్పుకొందురు. పదునైదవ శతాబ్దికి పోయి ఆ తాటియాకులను ఒక్కసారి విప్పి చూడగలిగినచో! కాని గంగన, సింగన, నారయ అను మువ్వురు యంత్రముకొరకు కూర్చుండలేదు. గంటము పట్టి, కొరవడిన స్కంధములను తాము పూరించిరి. ఆ పూరణము పోతన కవిత్వమునకు సాటియా యనువారు లేకపోలేదు. సాటి కాకపోవచ్చును, ఐనను పరీక్షిత్తు మోక్షమువరకు తెలుగున చదువుకొను భాగ్యము వారివలననే కలిగినది.

ఆ భాగవతముననే కాలయంత్రమొకటి చెప్పబడినది. తృతీయస్కంధమున మైత్రేయ మహర్షి విదురునకు పరమాణువు మొదలు బ్రహ్మ ఆయువు వరకు కాలమానమును వివరించుచు దానిని వర్ణించును. ఆరు పలముల రాగితో చేసిన పాత్ర. నాలుగు మాషముల బంగారముతో నాలుగంగుళములుగా సాగదీసిన సూదితో దాని యడుగున బెజ్జము. నీటిపై నుంచగా ప్రస్థమాత్రము జలము లోనికి చేరి పాత్ర మునుగుటకు పట్టు కాలము ఒక గడియ. దీనినే తెలుగిండ్లలో గడియకుడుక యనిరి. పెండ్లిలో ముహూర్తము దాటిపోకుండ దానిని కనిపెట్టుకొని యుండెడివారు. ఆ కుడుక కాలమును కొలుచునే కాని కదల్చదు. కాలము తానే యని గీతలో భగవానుడు పలికెను. ఆయనను త్రిప్పు యంత్రమెవ్వరు చేయగలరు? రోటికి కట్టిన త్రాడు మాత్రము వ్రేపల్లెలో నొక తల్లి చేత నుండెను.

కాలమును దాటిపోయిన రాజు కథయు అందే, నవమస్కంధమున, కలదు. కుశస్థలి నేలిన కకుద్మి తన కూతురు రేవతికి తగిన వరుని చెప్పుమని యడుగుటకై ఆమెను వెంటగొని బ్రహ్మలోకమునకు పోయెను. అచ్చట గంధర్వగానము జరుగుచుండెను. సంగీతము నడుమ ప్రశ్నించుట మర్యాద గాదని క్షణకాలము నిలిచెను. అంతియే. గానము ముగిసిన పిదప తాను మనస్సున నెంచుకొన్న రాకుమారుల పేర్లు విన్నవించగా బ్రహ్మ నవ్వెను. వారు లేరు, వారి కొడుకులు లేరు, మనుమలు లేరు, వారి గోత్రముల పేర్లును వినబడవు. ఇంతలో ఇరువదియేడు మహాయుగములు గడచినవి యనెను. ఒక పాట వినునంతలో! కకుద్మి బ్రహ్మ యానతిచొప్పున కూతును బలరామునకిచ్చి, బదరికాశ్రమమునకు తపస్సునకు పోయెను. ఆ కన్యాదాన వేళ పెండ్లిపందిటిలో ఆమెను చిన్ననాటనుండి ఎరిగినవాడు తండ్రి తప్ప మరియొకడుండునా?

ఇది పుక్కిటి పురాణమని నవ్వువారికి ఒక ముచ్చట. 1971లో హాఫెలె, కీటింగ్ అను శాస్త్రజ్ఞులు పరమాణు గడియారములను విమానములలో నుంచి భూమి చుట్టును త్రిప్పిరి. తిరిగివచ్చిన గడియారములు నేలమీది వానితో సరిపోలలేదు. సెకనును నూరుకోట్ల భాగములు చేసిన, అందు కొన్ని పదుల, కొన్ని వందల భాగముల తేడా. కాలము నడక అన్నిచోట్ల ఒక్కటి కాదనుట సత్యమే. గడచిన క్షణమునకు మరలిపోయిన గడియారము మాత్రము అందొక్కటియు లేదు.

కకుద్మికి కాలమట్లు జారిపోయెను. ఖట్వాంగునకో? రఘుమహారాజునకు తాతయైన ఈ రాజు దేవతల పక్షమున యుద్ధము చేసి గెలిచెను. వరమిచ్చెదమన్న దేవతలను రాజ్యము కోరలేదు, ఆయువును కోరలేదు. తనకింక మిగిలినదెంత యని యడిగెను. ఒక్క ముహూర్తమనిరి. రెండు గడియలు, నేటి లెక్కకు 48 నిమిషములు. కుడుక రెండుమార్లు మునుగు వ్యవధి. వెంటనే భూలోకమునకు దిగివచ్చి, సర్వమును విడిచి, శ్రీహరియందు మనస్సు నిలిపి ముక్తుడయ్యెను. ఏడుదినముల గడువున్న పరీక్షిత్తునకు శుకయోగి మొట్టమొదట తలపించినది ఈ రాజునే.

తుదిగడియకు అందని ఆ కొడుకు మాట మిగిలినది. భూపాలపల్లి జిల్లాలో ప్రాణహిత గోదావరితో కలియుచోట కాళేశ్వరము కలదు. అచ్చటి ఆలయమున ఒకే పానవట్టమున రెండు లింగములు. ఒకటి కాలుడగు యముని పేర, ఒకటి ముక్తేశ్వరుని పేర. పితృకార్యములకై వైష్ణవ గృహస్థులును ఆ సంగమమున స్నానమాడుదురు. ఆలస్యముగా వచ్చితినని కుమిలినవాడు తడిబట్టతో కూర్చుండగా పురోహితుడు సంకల్పము చెప్పించును. శ్వేతవరాహకల్పము, వైవస్వత మన్వంతరము, ఇరువదియెనిమిదవ మహాయుగమున కలియుగము, పిదప సంవత్సరము, మాసము, తిథి. కకుద్మి దిగివచ్చినదియు ఈ ఇరువదియెనిమిదవ మహాయుగమునకే. ఆ లెక్కలన్నిటి చివర తల్లి గోత్రము, తల్లి పేరు కొడుకు నోటనే పలికింతురు. బ్రహ్మసభలో వినబడవన్న పేర్ల వంటిదే యది. గడచిన ఆ పూట రాదు; తిథి మాత్రము ఏటేట వచ్చును. కొడుకు దోసిట నువ్వులు, నీరు పట్టి, ఆమె పేరు చెప్పి విడుచును.