పావాపురి ప్రాతఃకాలము



దీపావళినాడు మహదేవపురలో మేడమీద నిలిచి తూర్పుదిక్కు చూచువారికి సూర్యుడు ఎప్పుడు ఉదయించెనో తెలియుట కష్టము. ఔటర్ రింగురోడ్డు వెంట కార్యాలయముల దీపములు రాత్రియంతయు వెలుగుచునే యుండును. నవకారసీ పచ్చక్ఖాణము పట్టినవారు మాత్రము పంచాంగము చూచుకొందురు. ఆ రోజులలో ఇచ్చట సూర్యోదయము ఆరుంబావు ప్రాంతమున. అటుపిమ్మట రెండు ఘడియలు, అనగా 48 నిమిషములు, గడచినగాని వారు మంచినీరైనను ముట్టరు. మన పెద్దలు తెల్లవారుటను అంత లెక్కగా కనిపెట్టిరి. దీపావళి తెల్లవారుజాము వానిలో అన్నిటికంటె ముఖ్యమైనది.

ఉత్తరదేశపు లెక్కలో కార్తిక అమావాస్య. మన తెలుగు పంచాంగములో ఆశ్వయుజ అమావాస్య. ఆనాటి రాత్రి కడపటి జామున, 72 ఏండ్ల వయస్సులో, మహావీరస్వామి పావాపురియందు నిర్వాణము నొందెను. సంప్రదాయము ప్రకారము అది క్రీస్తుకు పూర్వము 527వ సంవత్సరము. 1974లో దేశమంతట 2500వ నిర్వాణోత్సవము జరిగినది ఆ లెక్కతోనే. స్వామి చివరి చాతుర్మాస్యమున బస చేసిన చోటు హస్తిపాల మహారాజు లేఖకుల శాల. రాజప్రాసాదము కాదు, తపోవనము కాదు. గుమాస్తాలు కూర్చుండి లెక్కలు వ్రాయు చోటు. మనవంటి వర్తకులకు ఈ మాట తియ్యగా లేదా?

ఆ రాత్రి అచ్చట నున్న కాశీ కోసల గణరాజులు పదునెనిమిదిమంది, మల్లకులు తొమ్మండుగురు, లిచ్ఛవులు తొమ్మండుగురు, జ్ఞానజ్యోతి అస్తమించినది గనుక నూనె వత్తితో నైనను వెలుతురు చేయుదమని దీపములు వెలిగించినట్లు కల్పసూత్రము చెప్పుచున్నది. చూడుడు, మన దీపము మొదటినుండియు బదులు దీపమే. అసలు సరుకు లేనప్పుడు దాని స్థానమున ఉంచినది. అగ్నియందును జీవములున్నవని, అవి తేజస్కాయములని, మన శాస్త్రము. అందుచేతనే గర్భగృహములో దీపమునకు గాజు బుడ్డి మూత వేయుదుము; మన సాధు సాధ్వులు ఉపాశ్రయములో రాత్రి ఒక్క దీపమైనను వెలిగించుకొనరు. బాణసంచా సంగతి నేను వేరుగ చెప్పనక్కరలేదు.

ఇక గౌతమస్వామి కథ. స్వామికి ప్రథమ గణధరుడు; 50 ఏండ్లు గృహస్థుగా నుండి దీక్ష గొని, 30 ఏండ్లు గురువును నీడవలె అంటియుండెను. ఆయన దీక్ష ఇచ్చినవారు కేవలజ్ఞానమును పొందుచుండిరి. పదునైదువందలమంది తాపసులకు ఒక్క పాత్రలోని పాయసమును తరుగకుండ వడ్డించెనట, వారును కేవలులైరి. వడ్డించిన ఆయన మాత్రము కాలేదు! అందరి బాకీలు తీర్పించి, తన ఖాతాలో నిలువ అట్లే యుంచుకొన్నట్లున్నది. కారణము ధనము కాదు, కీర్తి కాదు. మహావీరునిమీది మమకారము. దోషము ఎంత సుకుమారమైనదో గమనింపుడు.

నిర్వాణదినమున స్వామి ఆయనను దేవశర్మయను బ్రాహ్మణునికి బోధ చేయుటకై పొరుగూరికి పంపెను. మరలివచ్చు దారిలో వార్త వినెను. కడపటి ఘడియలో నన్ను దూరము చేసితివేమని పసివానివలె ఏడ్చెను. ఏడ్చుచుండగనే, రాగము లేనివాడు నన్ను పంపివేసెనా, లేక నా రాగమునుండి నన్ను విడిపించెనా అను విచారము పుట్టెను. తెల్లవారుసరికి కేవలజ్ఞాని అయ్యెను. అటుపిమ్మట 12 ఏండ్లు జీవించెను. అందుచేతనే దీపావళి రాత్రి జపము మొదటి జామునను, అర్ధరాత్రియు మహావీరుని పేర సాగి, తెల్లవారుజామున గౌతముని పేరికి మారును.

మనము చోపడా పూజలో మొదటి పుటమీద ఏమి వ్రాయుదుము? గౌతమస్వామి లబ్ధి, శాలిభద్రుని ఋద్ధి, కయవన్నాశేఠు సౌభాగ్యము, బాహుబలి బలము, అభయకుమారుని బుద్ధి. ప్రభుత్వపు లెక్కలు ఏప్రిలు 1తో మొదలగుచున్నను, పద్దులన్నియు కంప్యూటరులో నడచుచున్నను, ఆ యెఱ్ఱ అట్ట పుస్తకము కొనని యిల్లు మనలో అరుదు. ఆ వ్రాతను నేను తప్పుపట్టను. తరుగని పాయసపు పాత్రను కోరుట వర్తకునికి సహజము. అయితే ఆ పాత్ర చేతనుండగా గౌతమునికి తెల్లవారలేదు.

ఒక పూజానంతరము ఒక పెద్దమనిషి నన్ను ప్రక్కకు పిలిచెను. అన్నదమ్ములు దుకాణము పంచుకొని, మాటలు మాని, నాలుగేండ్లయినది. “అయ్యా, ముప్పది ఏండ్లుగా గౌతమస్వామి లబ్ధి వ్రాయుచున్నాను. ఇల్లు రెండు ముక్కలైనది. ఈ వ్రాత ఫలమేమి?” అని అడిగెను.

“పంపకములో మీకు తక్కువ వచ్చినదా?” అంటిని.

“లేదండీ. నాకే ఎక్కువ. వాడు చిన్నవాడు, నేను పెంచినవాడు. నా మాట కాదని వాటా అడిగినాడు, అదే నా బాధ.”

“అట్లయిన మీరు పట్టుకొన్నది దుకాణమును కాదు, పెంచితినను మాటను. గౌతముడును అంత మంచిదానినే పట్టుకొనియుండెను గదా!” అంటిని. నేను చెప్పినది ఆయనకు కటువుగా తోచెనేమో, చాలసేపు చోపడా అట్టను నిమురుచు కూర్చుండెను. జవాబు చెప్పలేదు. లేచి పోవునప్పుడు మాత్రము, తెల్లవారుజాము జపము ఎన్నిగంటలకని అడిగి, తమ్ముని యింటికి కబురు చెప్పుటకు మనుమని పంపించెను.