మడిమె పట్టుకున్నోడు

పోయిన జూన్‌లో రుద్రారంలో బడి రిజిస్టరు ముందేసుకుని కూచున్నాను. బయట ముంబై రోడ్డు మీద లారీల మోత. ఎదురుగా ఒక తల్లి, ఆమె కొంగు పట్టుకొని ఆరేళ్ళ పిల్లవాడు. ఆమె ఇక్కడే ఒక కంపెనీలో కాంట్రాక్టు కూలీ. వరంగల్ దిక్కు నుంచి బతకొచ్చారట.

"పేరేందమ్మా?"

"యాకోబు సార్." కొంచెం ఆగి, గొంతు తగ్గించి అన్నది: "ఏ పేరు రాస్తే సర్టిఫికెట్‌కు అడ్డం రాదో గా పేరు రాయుండ్రి."

నా పెన్ను ఆగింది. ఎందుకంటే నా పేరు కూడా యాకోబే. బడిలో ఎవరికీ తెలియదు. రికార్డుల్లో నేను యాదయ్యను, హిందూ మాదిగను.

మా ఇంట్లో ఈ పేరు మొదట పెట్టుకున్నది మా ముత్తాత. అంతకుముందు ఆయన పేరు పెంటయ్య. పుట్టిన పిల్లలు దక్కకపోతే పెంటమీద పడుకోబెట్టి తీసుకొచ్చి ఆ పేరు పెట్టేవాళ్ళు. అయినా ఆ 'అయ్య' వాడలోనే. ఊళ్ళోకి పోతే 'పెంటిగా'. 1914లో మెదక్‌లో పెద్ద గుడి కట్టడం మొదలైంది. మిషనరీ పోస్నెట్ దొర కట్టించింది. కరువులో పని చూపించి బువ్వ పెట్టారని మా పెద్దలు ఇప్పటికీ చెప్పుకుంటారు. మా ముత్తాత అక్కడ రాళ్ళు మోసి, బాప్తిస్మం తీసుకుని, యాకోబై వచ్చిండు. ఆ గుడి ప్రతిష్ఠ 1924 డిసెంబరు 25న. ఊరికొస్తే పటేల్ 'యాకోబుగా' అని పిలిచిండట. కొత్త పేరుకు కూడా ఆ 'గా' అతుక్కుంది. అది ఏ నీళ్ళతో కడిగినా పోదు.

బైబిల్లో యాకోబు అనే మాటను మడిమెతో ముడిపెడతారు. హీబ్రూలో మడిమెను 'ఆకేవ్' అంటారు. కవల పిల్లల్లో రెండోవాడు, అన్న ఏశావు మడిమె పట్టుకుని బయటికొచ్చాడు కాబట్టి ఆ పేరు. పండితులు ఇంకో మాట కూడా చెప్తారు. 'యాకోబ్-ఏల్' అని ఇంతకన్నా పాత పేరొకటి పశ్చిమాసియా ప్రాచీన లేఖనాల్లో ఉంది. దానికర్థం 'దేవుడు కాపాడుగాక' అని. మా ముత్తాతకు ఈ రెండూ తెలియవు. కానీ పాదాల నుంచి పుట్టినవాళ్ళకన్నా కిందివాళ్ళని మనల్ని లెక్కగట్టిన దేశంలో, కాలి మడిమె పట్టుకుని పైకొచ్చినోడి పేరు దొరకడం నాకు ఎప్పుడూ విచిత్రంగానే తోస్తుంది.

ఈ పేరు తిరగని దేశం లేదు. గ్రీకులో ఇయాకోబోస్, లాటిన్ మీదుగా పోయి ఇంగ్లీషులో జేమ్స్, ఫ్రెంచిలో జాక్, స్పెయిన్లో శాంతియాగో. ఇంగ్లీషు బైబిలు మీద పేరున్న ఆ రాజూ యాకోబే. అరబ్బీలో యాకూబ్. ఆ యాకూబే మన వరంగల్ దిక్కు అన్నారం దర్గాలో యాకూబ్ షావలీగా ఉన్నాడు. ఆయనకు మొక్కుకుని కన్న పిల్లలకు హిందువులు కూడా యాకయ్య, యాకమ్మ, యాకూబ్ రెడ్డి అని పెట్టుకుంటారు. చూడండి, రెడ్డి ఇంట్లో యాకూబ్ ఉంటే భక్తి. మాదిగింట్లో యాకయ్య ఉంటే ఎస్సీ. అదే మాదిగింట్లో అదే పేరు పాస్టరు నోట యాకోబయితే బి.సి. 'సి'. తహశీల్దారు నిజానికి అడిగేది మతాన్నే, పేరును కాదు. కానీ మా దగ్గర పేరు చూసే మతం పసిగడతారు.

1950 రాష్ట్రపతి ఉత్తర్వు మూడో పేరా ప్రకారం హిందువులే షెడ్యూల్డు కులాలు. 1956లో సిక్కుల్ని కలిపారు, 1990లో బౌద్ధుల్ని కలిపారు. 2007లో రంగనాథ్ మిశ్రా కమిషన్ ఆ పేరానే తీసెయ్యమంది. ఏమీ కాలేదు. 2024 నవంబరులో సుప్రీంకోర్టు పుదుచ్చేరి కేసులో, క్రైస్తవం పాటిస్తూ రిజర్వేషన్ కోసం హిందువునని చెప్పుకోవడం రాజ్యాంగాన్ని మోసగించడమే అన్నది.

మోసం. యాకోబు మీద కూడా అదే ఆరోపణ. వాణ్ణి యాకోబని ఊరికే అనలేదు, నన్ను రెండుసార్లు ముంచిండు అని ఏశావు ఏడుస్తాడు. తండ్రి ఇస్సాకుకు చూపు పోయింది. పెద్దకొడుక్కి దీవెన ఇవ్వాలని పిలుస్తాడు. తల్లి రిబ్కా చిన్నోడి చేతులకు మేకపిల్లల తోలు కట్టి పంపుతుంది. ఎవరు నువ్వు అని తండ్రి అడిగితే, ఏశావును అంటాడు. గొంతేమో యాకోబుది, చేతులు ఏశావువి. తండ్రి తడిమి చూసి చేతుల్నే నమ్ముతాడు.

ఈ కథ పాస్టరు చదివినప్పుడల్లా నా చేతులు చల్లబడేవి. నాకు తోలు కట్టింది మా అమ్మ కాదు, మా బడి పెద్దసారు. ఒకటో తరగతిలో ఆయనే అన్నడు: "యాకోబు అంటే రేపు సర్టిఫికెట్ రాదురా. యాదయ్య అని రాస్తున్న. గుట్ట దేవుడి పేరు, ఎవడూ అడగడు." మంచోడు. ఆయన రాసిన ఆ ఒక్క పేరుతో హాస్టలు సీటు, స్కాలర్‌షిప్, బి.ఇడి., ఈ నౌకరీ. మా వంశంలో మొదటి డిగ్రీ నాది.

అయితే నేను దొంగిలించానా? చాలా ఏళ్ళు నాకు నేను చెప్పుకున్న జవాబు ఇది: సంగారెడ్డిలో ఇల్లు కిరాయికి అడిగితే ఓనరు గోడమీద సిలువ పడుతుందేమోనని ముందే అడిగిండు, "క్రిస్టియన్సా?" అని. ఆ మాటకు మా దగ్గర ఒకటే అర్థం. బాప్తిస్మంతో కులం పోయిందని రాసేది కాగితం. ఇల్లివ్వనోడు కాగితం చదవడు. చర్చిలో మాత్రం పోయిందా? మాల గుడి వేరు, మాదిగ గుడి వేరు. రెడ్డి క్రైస్తవులు మా యాకోబులకు పిల్లనివ్వడం నేను చూడలేదు. కొత్త నిబంధనలో యాకోబు పేరుతోనే ఒక పత్రిక ఉంది. సభలో ఉంగరం పెట్టుకున్నోడికి మంచి చోటు చూపించి, మాసిన బట్టలోణ్ణి కాళ్ళకాడ కూచోమనేవాళ్ళను అది నిలదీస్తుంది. అంటే అంటరానితనానికి ఇచ్చే హక్కు అంటరానితనం అనుభవించేవాడిదే. ఇది నా వాదన. ఇప్పటికీ ఇదే నమ్ముతాను.

కానీ వాదన గెలిచినా మనసు ఊరుకోదు. మా అయ్య చనిపోయిన రోజు తోటి టీచర్లు పది మంది వచ్చారు. భూస్థాపన దగ్గర పాస్టరు కొడుకుల పేర్లు చదవాలి. నేను పక్కకు తీసుకుపోయి, "నా పేరు చదవొద్దు అయ్యగారూ" అన్నాను. ఆయన నా ముఖం చూసి, "పెద్ద కుమారుడు" అని మాత్రం చదివిండు. మా అమ్మ విన్నది. ఆ రోజు ఏమీ అనలేదు. నెల తర్వాత, బియ్యం చెరుగుతూ అన్నది: "మీ అయ్యకు ఒక్కడే పేరులేని కొడుకు."

మోసం ఎక్కడుందో నాకు అప్పుడు తెలిసింది. తహశీల్దారుకు నేను బాకీ లేను. ఆ గుంత పక్కన బాకీ పడ్డాను. మూడో పేరా రాసినోళ్ళు మానుంచి గుంజుకున్నది ఒట్టి సీట్లూ నౌకర్లూ కాదు. తండ్రి శవం ముందు సొంత పేరుకు పలకగలిగే ధైర్యం.

యాకోబు కథ దీవెనతో అయిపోదు. ఇరవై ఏళ్ళు మామ లాబాను దగ్గర చాకిరీ చేస్తాడు, ఒక పిల్లనని చెప్పి ఇంకో పిల్లనిస్తే తనే మోసపోతాడు. తిరిగొస్తూ యబ్బోకు రేవు దగ్గర రాత్రంతా ఎవరితోనో పెనుగులాడతాడు. ఆయనా అదే అడుగుతాడు, నీ పేరేమి అని. ఈసారి యాకోబు, యాకోబునే అంటాడు. కుంటుతూ పోతాడు.

ఆ తల్లి ఇంకా నిలబడే ఉంది. నేను ఆమెను కాకుండా పిల్లవాణ్ణి అడిగాను, "నీ పేరేంది బిడ్డా?"

"యాకోబు" అన్నడు, గది మొత్తం వినబడేటట్టు. పక్క టేబులు టీచరు తలెత్తి చూసింది.

రాశాను. అక్షరం అక్షరం. తల్లి కంగారుపడ్డది. "యాకయ్య అని రాసినా మాకు ఒకటే సార్. మా అత్తమ్మది అన్నారం మొక్కే. ఇంట్ల పిలుసుకునేది మేమే గద."

"నా పేరు కూడా ఇదేనమ్మా" అన్నాను. ఆమె నమ్మలేదు. నా వెనక గోడ మీదున్న స్టాఫ్ లిస్టు వైపు చూసింది. ఆమె ఏం చదివిందో తెలియదు.

కులం, మతం గడులు ఆ రోజు నింపలేదు. కుల సర్టిఫికెట్ తెచ్చినంక రాద్దామని ఆమెకు చెప్పాను. ఆమె ఇంకా రాలేదు, షిఫ్టు దొరకలేదట.