ప్రయోగము చాపల్యమా?

కొత్తూరు ప్రాంతమున ఉపాధ్యాయవృత్తిలో నున్న నాకు నిరుడు జరిగిన యొక చిన్న సంగతి యింకను మనస్సును విడువకున్నది. పిల్లలను మఱ్ఱిచెట్టు గీయుమంటిని. ఒక బాలుడు వేళ్ళను మీదికిని కొమ్మలను క్రిందికిని గీసి, ఆకులకు నీలిరంగు పూసి తెచ్చెను. నేను దానిని ఎఱ్ఱసిరాతో కొట్టివైచితిని. వాడు తల వంచుకొని, "సారూ, ఊడలు దిగి నేల నంటినచోట ఏది వేరో ఏది కొమ్మయో తెలియలేదు" అనెను. "చూచినది గీయుము, తోచినది కాదు" అని గద్దించితిని. ఆ రాత్రి గీతాపారాయణము చేయుచు పదునైదవ యధ్యాయమునకు వచ్చునప్పటికి నాకు నోరు పెగలలేదు. వేళ్ళు మీదికిని కొమ్మలు క్రిందికిని గల యశ్వత్థమును గూర్చి యిరువదియేండ్లుగా నేను నలుగురికి అర్థము చెప్పుచున్నాను! పలుకులో పూజించిన దానినే రంగులో శిక్షించితిని.

ఇందుండి యొక ప్రశ్న పుట్టుచున్నది. కళలో ప్రయోగము చాపల్యమా, సత్యాన్వేషణమా? దీనిని విచారించుటకు మన తెలంగాణముననే పుట్టిన యొకరి జీవితము చాలును.

పాకాల తిరుమలరెడ్డిగారు 1915లో కరీంనగరము జిల్లా అన్నారము గ్రామమున జన్మించిరి. బొంబాయిలోని జె. జె. స్కూల్ ఆఫ్ ఆర్ట్‌లో చేరి, కన్ను చూచినట్లు చేయి గీయు యథార్థచిత్రణమును సాధించిరి. 1941లో ఆ నగరముననే కొందఱు యువచిత్రకారులతో గూడి క్రొత్తదారి పట్టిరి. వీరికే 'యంగ్ టర్క్స్' అని పేరు వచ్చెను. పేరొందిన బొంబాయి ప్రోగ్రెసివ్ చిత్రకారుల సంఘము 1947లో వెలసినది. ఇది యంతకు ఆఱేండ్లు ముందటి మాట. పిమ్మట రెడ్డిగారు హైదరాబాదున స్థిరపడి, నారాయణగూడలోని 'సుధర్మ'ను తమ కళకు నెలవు చేసికొనిరి. వారి సహధర్మచారిణి యశోదారెడ్డిగారు తెలంగాణపు పలుకుబడిని కథలలో నిలిపిన రచయిత్రి. తైలవర్ణము, నీటిరంగు, ముద్రణచిత్రము, కొయ్యశిల్పము, ఇట్లు రెడ్డిగారు ఒక సాధనముతో తృప్తిపడలేదు. 1970వ దశకమున తంత్రశాస్త్రపు బిందువు, త్రికోణము, చక్రము మున్నగు సంకేతములు వారి పటములలో ప్రవేశించినవి. 1996లో వారు కీర్తిశేషులైరి.

"ఒక దారిలో నిలువనివాడు ఏ దారిలోను సిద్ధి పొందడు" అని పెద్దలందురు. శంషాబాదు సమీపమున అమ్మపల్లి సీతారామచంద్రాలయపు గోపురమును చూపి, "ఆ శిల్పులు శాస్త్రమును దాటలేదు, పేరును కోరలేదు, నేటివారికి ఈ చిత్తచాంచల్య మేల?" అని నాతో వాదించిన మిత్రులున్నారు. ఈ వాదము త్రోసివేయదగినది కాదు. నియమము లేనిచో వింతయే విద్యగా చెల్లును. అట్టి వింతలు నేడు కొల్లలు.

కాని శాస్త్రమేమనుచున్నది? విష్ణుధర్మోత్తరమున మార్కండేయుడు వజ్రునకు చెప్పినది గమనింపుడు. చిత్రము తెలియనివానికి ప్రతిమాలక్షణము తెలియదు. నృత్తము తెలియనివానికి చిత్రము తెలియదు. అనగా కుంచె పట్టినవాడు ఉలి పట్టుట దారి తప్పుట కాదు. పటమునకు ఒక ముఖమే. శిల్పమునకు చుట్టును ముఖములే. రంగు చెప్పలేని దానిని కొయ్య చెప్పవచ్చును. సాధనము మారినంతనే ప్రశ్న మారదు, దానిని అడుగు విధము మారును.

చాపల్యమునకును ప్రయోగమునకును భేదమిది యని నాకు తోచుచున్నది. చపలుడు పాతదానితో విసిగి మార్చును. ప్రయోగశీలి పాతది చాలక మార్చును. చపలుడు చూడకయే వింత చేయును. ప్రయోగశీలి మిక్కిలి చూచి, చూచినది పాతరూపమున ఇముడనందున వేఱురూపము వెదకును. రెడ్డిగారు యథార్థచిత్రణమును నేర్చిన పిమ్మటనే దానిని దాటిరి. మా బాలుడు ఏమియు నేర్చియుండలేదు, నిజమే. కాని వాడు చూచెను. ఊడల క్రింద నిలిచినవాడు వాడు. పుస్తకములోని మఱ్ఱిచెట్టును తలచుకొని దిద్దినవాడను నేను. చూడక చేసిన మార్పు చాపల్యమైనచో, చూడక చేసిన ఖండనము మాత్రము మఱేమి?

మఱునాడు వానిని పిలిచి తప్పు నాదని చెప్పితిని. వాడు నవ్వి యూరకుండెను. కాని యంతకుముందే వాడు వేఱొక చెట్టు గీసి తెచ్చియుండెను. వేళ్ళు క్రిందికి, కొమ్మలు మీదికి, ఆకులు పచ్చన. అది తప్పులేని చెట్టు. మా యూరిలో నెచ్చటను లేని చెట్టు.

గృహస్థులారా! మీ పిల్లలు గోడపై గీసిన వంకరగీతను తుడుచుటకు ముందు, "ఏమి చూచి గీసితివి?" అని యొక్కమాట యడుగుడు. చెప్పగలిగినచో వాని చూపు మనకు తెలియును. చెప్పలేకున్నను, రేపు మరింత శ్రద్ధగా చూచుట నేర్చును. ఆ ప్రశ్న వేయకయే నేను ఎఱ్ఱసిరా నెత్తితిని. మీరట్లు చేయకుందురు గాక.