మేలెరుగుట శరణధర్మము



కష్టము కొందరి హృదయమును మెత్తబరచును. కొందరి హృదయమును శిలగా మార్చును. పలుమార్లు మోసపోయినవాడు చాచిన ప్రతి చేతియందును కపటమునే శంకించును. అట్టివేళ ఎదురైన దయను దయగా గుర్తించుట, దానము చేయుటకంటెను కఠినమైన సాధన.

దీనికి నల్లగొండ సీమయే సాక్షి. 1946 మొదలు 1951 వరకు ఈ సీమ సాయుధపోరాటముతో అట్టుడికెను. భూమి గలవారికిని లేనివారికిని నడుమ నమ్మకము నశించెను. ఆ దినములలో, 1951 ఏప్రిల్ 18న, ఆచార్య వినోబా భావే పాదచారియై పోచంపల్లికి వచ్చిరి. దళిత కుటుంబములవారు బ్రదుకుటకు 80 ఎకరములు కావలెనని విన్నవించుకొనిరి. అంతట వెదిరె రామచంద్రారెడ్డి గారు లేచి 100 ఎకరము లిచ్చెదనని పలికిరి. భూదానోద్యమమునకు అదియే నాంది. ఆ గ్రామము నేటికిని భూదాన్ పోచంపల్లి యని పిలువబడుచున్నది.

దాతను మెచ్చుట సులభము. తరతరములుగా బాధపడియు ఆ మాటయందలి మేలును స్వీకరించినవారి గుండెనిబ్బరమును తలచువారరుదు.

12వ శతాబ్దమున కళ్యాణపురిలో బసవేశ్వరుడు కాయకముతోపాటు దాసోహమును బోధించెను. దాసోహమనగా ‘నేను దాసుడను’ అనుట. ఇచ్చువాడు తాను దాతనని గర్వించినను, పుచ్చుకొనువాడు తాను హీనుడనని కుంగినను అది దాసోహము కాజాలదు. ఇరువురి యందును వెలుగునది ఒక్క శివుడే.

అయితే మేలెరుగుట యనగా అన్యాయమును మరచుట కాదు. దేశమందు భూదానముగా వచ్చిన భూములలో చాల భాగము పేదలకు చేరనేలేదు. ఇచ్చిన మాట తప్పినచోట నిలదీసి అడుగుట ధర్మమే. కాని ఆ కోపముతో నిజమైన దయను సైతము కాదనుట కృతఘ్నత.

పాలమూరు పల్లెలనుండి ఎందరో పొట్టచేతబట్టుకొని వలసపోయి, దూరప్రాంతములలో ఆనకట్టలకు మట్టిమోసిరి. అట్లు పోయి తిరిగివచ్చినవానికి కూలి ఎగవేసిన మేస్త్రీ ముఖము చిరకాలము గుర్తుండును. తాను లేనినాడు ముసలితల్లికి పొరుగింటి యామె పెట్టిన గటక మాత్రము మరపున బడును. అపకారమును లెక్కవేసిన మనసు ఉపకారమును లెక్కింపకుండుట న్యాయమా?

కావున నేటి రాత్రి ఇష్టలింగపూజకు కూర్చుండుటకు ముందు, కష్టకాలమున ఆదుకొనిన యొక్కరిని పేరుపెట్టి తలచుకొనుడు. వారు జీవించియున్నచో రేపే వారి గడపకేగి ఆ మాట చెప్పుడు. లేనిచో వారి బిడ్డలకు చెప్పుడు. ఆ ఋణము తీరునది కాదు. తలచుకొనుటయే దానికి తగిన పూజ.

శరణు శరణార్థి.