మంచం కింది నవ్వు

గురజాడ అప్పారావుగారి ‘దిద్దుబాటు’ కథ చదవనివాళ్లు మనలో తక్కువే. 1910లో ‘ఆంధ్రభారతి’ పత్రికలో వచ్చింది. సానివారి పాట విని, అర్ధరాత్రి దాటి ఒంటిగంటకి ఇల్లు చేరతాడు గోపాలరావు. భార్య కమలిని కనిపించదు, ఉత్తరం కనిపిస్తుంది. పుట్టింటికి పోతున్నానని రాసిందావిడ. పెద్దమనిషి లబోదిబోమంటాడు. ఎలాగైనా అమ్మగారిని తీసుకురమ్మని నౌకరు రాముణ్ణి బతిమాలతాడు. తీరా చూస్తే మంచం కింద నుంచి నవ్వూ, నగల చప్పుడూ!

కాలేజీ రోజుల్లో ఈ కథ చదివి పడీ పడీ నవ్వాను. మీటింగులని అబద్ధాలాడిన మొగుడికి ఒక్క అబద్ధంతో బుద్ధి చెప్పింది, భేష్ అనుకున్నాను. అరవలేదు, ఏడవలేదు. ఆయన నేర్పిన చదువుతోనే ఉత్తరం రాసి ఆయనకే అప్పగించింది. అది అబద్ధమే అయినా తప్పెలా అవుతుందండీ?

పెళ్లయ్యాక నేనూ ఓ దిద్దుబాటు చేయబోయాను. మావారికి పర్సు ఎక్కడపడితే అక్కడ పడెయ్యడం అలవాటు. చెప్పి చెప్పి విసిగిపోయి, ఓ ఆదివారం పొద్దున్న దాన్ని బియ్యం డబ్బాలో దాచేశాను. కాస్త కంగారుపడితే గాని తెలిసిరాదని నా ఎత్తు.

ఆయన ఇల్లంతా వెతికారు. నేను కూరలు తరుగుతూ లోపల్లోపల నవ్వుకుంటున్నాను. ఇంతలో ఆయన గొంతు తగ్గించి, “ఇందాక ఈ గది ఊడ్చిందెవరు?” అన్నారు.

గొంతు తగ్గించినా పెరట్లో అంట్లు తోముతున్న మనిషికి వినపడింది. గిన్నెల చప్పుడు ఆగిపోయింది.

నేను అప్పుడే నోరు విప్పాల్సింది. ఇంకో రెండు నిమిషాలు ఏడిపిద్దామనుకున్నాను. ఆ తరువాత డబ్బా మూత తీసి పర్సు చూపిస్తే ఇంటిల్లిపాదీ ఒకటే నవ్వు. ఆవిడా నవ్వింది. మర్నాడు పని ముగించుకుని వెళ్తూ, గుమ్మంలో నిలబడి తన సంచి తిరగేసి దులిపింది. “చూసుకోండమ్మా” అంది.

నాకు నోట మాట రాలేదు.

ఆ రాత్రి ‘దిద్దుబాటు’ మళ్లీ తీశాను. కాలేజీ రోజుల్లో కంటపడని సంగతొకటి ఈసారి పడింది. భార్య కనపడలేదన్న కోపంతో గోపాలరావు ముందు చేసిన పని, రాముడి వీపుమీద గుద్దడం! వెంటనే జాలిపడి, లేవదీసి, వీపు నిమురుతాడు కూడా. నిజమే. కానీ తప్పు అయ్యగారిది, ఎత్తు అమ్మగారిది, దెబ్బలు రాముడివి. ఆ చప్పుడు మంచం కిందున్న కమలినికి వినపడి ఉండదా? వినపడితే ఆ క్షణమే బయటికి రావద్దా?

కమలినిని తప్పుపట్టే అర్హత నాకు లేదు. ఆ రోజుల్లో భర్తను నిలదీసేందుకు ఆవిడకున్న దారులెన్ని గనక? పైగా రాముడికి దెబ్బలు పడతాయని ఆవిడ కలగని ఉండదు. పెరట్లో మనిషికి మాట పడుతుందని నేనూ అనుకోలేదు. అయితే పడ్డాక కూడా నేను రెండు నిమిషాలు ఊరుకున్నాను. నా తప్పు పర్సు దాచడంలో కంటే ఆ రెండు నిమిషాల్లోనే ఎక్కువ ఉందనిపిస్తుంది.

మర్నాడు ఆవిడతో, “తప్పయిపోయింది, ఏమీ అనుకోకు” అన్నాను. “పోనీండమ్మా” అంది.

తరువాత చాలా రోజులు వెళ్లేటప్పుడు సంచి దులుపుతూనే ఉంది. మావారి పర్సు మాత్రం ఇప్పటికీ టీవీ మీదే ఉంటుంది.