భిక్ష కాదు, న్యాయము

ధ్యాన భాగము: లూకా 18:1–8



ఈ విధవరాలు న్యాయాధిపతియొద్దకు మాటిమాటికి వెళ్లెను. ఆమె భిక్ష అడుగలేదు, తనకు రావలసిన న్యాయము నడిగెను. ప్రభువు ఆమెను గద్దింపక, ప్రార్థించువారికి మాదిరిగా నిలిపెను.

నా తప్పొకటి మీయెదుట ఒప్పుకొనుచున్నాను. భర్త విడిచిపెట్టిన యొక సహోదరి చంటిబిడ్డతో వచ్చి, "అయ్యగారూ, కోర్టుకు పోవచ్చునా?" అని అడిగెను. "ఓర్చుకో అమ్మా, ప్రార్థించు" అని పంపివేసితిని. రెండేండ్లు ఆమె నాట్లకు, కోతలకు పోయి బిడ్డను సాకెను. నేను విశ్వాసమని బోధించినది నా అజ్ఞానమే.

శక్తి యుండియు భర్త పోషింపనియెడల, జీవనాధారము లేని భార్య, ఏ మతస్థురాలైనను, మనోవర్తి కోరవచ్చును. 2024 జూలై 1 నుండి ఇది భారతీయ నాగరిక సురక్షా సంహిత 144వ సెక్షనులో నున్నది. వీలునామా వ్రాయక మరణించిన క్రైస్తవునికి బిడ్డలున్నచో, 1925 నాటి వారసత్వ చట్టము ప్రకారము ఆస్తిలో మూడవ వంతు భార్యది. 1987 నాటి చట్టము స్త్రీలకు ఉచితముగా వకీలును ఇచ్చుచున్నది. జిల్లా న్యాయసేవాధికార సంస్థలో అడుగవలెను.

కోర్టుకు పోవుట అవిశ్వాసమా? అపొస్తలుడైన పౌలు కైసరు ఎదుటనే చెప్పుకొందుననెను (అపొ. 25:11).

సంఘ పెద్దలారా, మన వివాహ రిజిస్టరు భద్రముగా నుంచుడి. మనోవర్తికైనను కుటుంబ పింఛనుకైనను ఆమె భార్యయని చూపు సాక్ష్యమదే. నకలు అడిగిన దినముననే ఇయ్యుడి. ఆమెతోకూడ ఒకరు వెళ్లుడి. ఆ సహోదరితో ఈసారి నేనే వెళ్లుచున్నాను. ప్రార్థించుడి.

ఆమేన్.