దేవుని లెక్క, మనుష్యుని లెక్క

ధ్యాన భాగములు: ఆదికాండము 1:20–25, సామెతలు 11:1



సృష్టి వృత్తాంతములో అయిదవ దినమునుగూర్చి చదువునప్పుడు మనము పక్షులను, చేపలను తలంచుకొని త్వరగా ముందుకు సాగిపోవుదుము. అయితే ఆ దినమున దేవుడు సముద్రములోని మహా ప్రాణులను కూడ కలుగజేసెను. వాటినన్నిటిని ఒక్క గుంపుగా చేయలేదు. దేని జాతి దానికే యుండునట్లు చేసి, చూచి, సంతోషించెను. ఈ నెల మనము ఆ ఒక్క సంగతిని ధ్యానింతము.

తిమింగిలమును మనము చేప అందుము గాని అది చేప కాదు. అది నీటిపైకి వచ్చి గాలి పీల్చుకొనును. దాని రక్తము వెచ్చనిది. అది పిల్లను కని పాలిచ్చును. 1758లో స్వీడను దేశపు శాస్త్రజ్ఞుడైన కార్ల్ లిన్నేయస్ తన గ్రంథమునందు తిమింగిలములను చేపలనుండి వేరుచేసి, ఆవులు, మేకలు చేరిన పాలిచ్చు ప్రాణుల వర్గములో వ్రాసెను. యోనాను మ్రింగిన గొప్ప మత్స్యము ఏ జాతిదో లేఖనము చెప్పలేదు గనుక మనమును చెప్పబూనము.

తిమింగిలములలో పండ్లు గలవి కొన్ని, పండ్లు లేనివి కొన్ని. పండ్లు లేనివాటికి పై దవడనుండి వందలకొలది పలకలు, చూరునుండి వ్రేలాడు తాటాకులవలె, దగ్గర దగ్గరగా దిగియుండును. అవి మన గోళ్లు, వెండ్రుకలు ఏ పదార్థమో ఆ పదార్థమే. వీటి లోపలి అంచు కుచ్చులవలె చీలి జల్లెడగా నుండును. ఇట్టి తిమింగిలములు నాలుగు కుటుంబములు, సుమారు పదిహేను జాతులు. నీలి తిమింగిలము, ఫిన్, సేయి, హంప్‌బ్యాక్ అనునవి ఒకే కుటుంబమునకు చెందినవి. వీటి గొంతు క్రింద పొడుగాటి మడతలు ఉండును.

వీటిలో నీలి తిమింగిలము మిక్కిలి పెద్దది. సుమారు 100 అడుగుల వరకు ఎదుగును. బాగుగా ఎదిగిన తాటిచెట్టును నేలమీద పరుండబెట్టినట్లు తలంచుకొనుడి. దాని బరువు 150 టన్నులకు మించవచ్చును. పుట్టిన పిల్లయే ఇరువది అడుగులకు పైగా ఉండును. ఇంత ప్రాణికి ఆహారమేమి? మన చిటికెన వ్రేలంత యుండి, చిన్న రొయ్యను పోలిన క్రిల్ అను ప్రాణి. తిమింగిలము నోరు తెరచి నీటితో కూడ క్రిల్ గుంపును లోనికి తీసికొనును. గొంతు మడతలు విప్పుకొని సంచివలె ఉబ్బును. తరువాత నాలుకతో నీటిని పలకల సందులగుండ వెలుపలికి నెట్టును. క్రిల్ లోపల నిలిచిపోవును. మన పిల్లలు కాలువలో పాతచీర పట్టి చిన్నచేపలు వడగట్టుట మీరు చూచియున్నారు. ఇదియు అట్టిదే. భూమిమీద అందరికంటె పెద్దదానిని దేవుడు మిక్కిలి చిన్నవాటిచేత పోషించుచున్నాడు.

ఇది దేవుని లెక్క. ఇక మనుష్యుని లెక్క వినుడి.

ఒక జాతికి ఇంగ్లీషులో రైట్ వేల్ అను పేరు కలదు. అనగా తగిన తిమింగిలము. దేనికి తగినది? చంపుటకు తగినది. అది మెల్లగా ఈదును. చచ్చిన తరువాత మునుగక తేలును. నూనె విస్తారముగా ఇచ్చును. అందుచేతనే వేటగాండ్రు ఆ పేరు పెట్టిరని చెప్పుదురు. నీలి తిమింగిలము వేగముగా పోవును గనుక చాలకాలము తప్పించుకొనెను. పందొమ్మిదవ శతాబ్దపు చివరి భాగములో ఆవిరి ఓడలు, పేలుడు ఈటెలు వచ్చిన పిమ్మట దానికిని తప్పించుకొను దారి లేకపోయెను. సబ్బునకు, వెన్నకు బదులు వాడు మార్గరీనుకు దాని నూనె కావలసివచ్చెను. 1930–31 వేటకాలమందు దక్షిణ ధ్రువ సముద్రములోనే సుమారు 29,000 నీలి తిమింగిలములను చంపిరి.

వేటను అదుపుచేయవలెనని 1946లో దేశములు ఒడంబడిక చేసికొనెను. అయితే వారు జాతి జాతిగా లెక్క కట్టలేదు. నూనెనుబట్టి ఒక కొలత పెట్టుకొనిరి. ఒక నీలి తిమింగిలము ఒకటి. రెండు ఫిన్‌లు ఒకటి. రెండున్నర హంప్‌బ్యాక్‌లు ఒకటి. ఆరు సేయిలు ఒకటి. ఏడాదికి మొత్తము ఇన్ని యని హద్దు పెట్టిరి గాని ఏ జాతిలో ఎన్ని మిగిలియున్నవో ఆ కొలతలో కనబడలేదు. పెద్దవి తరుగగా తరువాతివాటిని, అవి తరుగగా వాటికంటె చిన్నవాటిని చంపిరి. మొత్తము మాత్రము కాగితముమీద సరిపోవుచుండెను!

కొందరు ఆ కాగితమునుకూడ అబద్ధము చేసిరి. సోవియట్ ఓడలు నిషేధింపబడిన తిమింగిలములను వేలకొలది చంపి, తప్పుడు లెక్కలు పంపినవని 1993లో వారి దేశపు శాస్త్రజ్ఞుడైన అలెక్సీ యాబ్లకోవ్ బయలుపరచెను. దొంగ త్రాసును ప్రభువు అసహ్యించుకొనునని సామెతల గ్రంథము బోధించుచున్నది గదా! నీలి తిమింగిలములకు 1966లో రక్షణ కలుగునాటికి దక్షిణ సముద్రములో మునుపున్నవాటిలో నూటికి ఒక్కటియైనను మిగులలేదు. ఆ కొలతను 1972లో విడిచిపెట్టిరి. వర్తకమునకై వేటాడుట మానవలెనని 1982లో తీర్మానించి 1986 నాటికి అమలు చేసిరి. కొన్ని దేశములు నేటికిని కొన్ని జాతులను వేటాడుచున్నను, హంప్‌బ్యాక్‌లు అనేక సముద్రములలో మరల విస్తరించినవి. నీలి తిమింగిలములు మెల్లగా మాత్రమే పెరుగుచున్నవి. మెక్సికో సింధుశాఖలోని ఒక తిమింగిలము వేరొక జాతియని 2021లో గుర్తించి దానికి రైస్ తిమింగిలమని పేరు పెట్టిరి. పేరు పెట్టునాటికి అవి వందకు లోపే యుండెను.

ప్రియులారా, ఎక్కడో సముద్రములో జరిగిన పాపమని మనము చేతులు కడుగుకొనవద్దు. ఒక సంవత్సరము కోతపండుగనాడు నేను కానుకల పట్టిక చదివితిని. బస్తాలు తెచ్చినవారి పేర్లు ఒక్కొక్కటిగా చదివి, గుప్పెడు బియ్యము కూడబెట్టి తెచ్చినవారిని “మిగిలినవారు” అని ఒక్కమాటలో ముగించితిని. ఆరాధన ముగిసిన తరువాత ఒక వృద్ధురాలు నా యొద్దకు వచ్చి, “అయ్యగారూ, నా పేరు రాయలేదా?” అని అడిగెను. ఆమె కోపముతో అడుగలేదు. తన బియ్యము చేరెనో లేదో అని భయపడి అడిగెను. నేను జవాబు చెప్పలేకపోతిని. మొత్తము సరిగానే యున్నది. ఆమె మాత్రము ఆ లెక్కలో లేదు.

మన పొలములలో పెద్దవానికి ఒక కూలి, పిల్లవానికి అరకూలి అని వ్రాయుదుము. పనికి అది కొలత కావచ్చును. అయితే ఆ పిల్లవాడు అర మనుష్యుడని తలంచిననాడు మనమును రెండు ఫిన్‌లు ఒకటి యని వ్రాసినవారితో సమానులమగుదుము. దేవుని యెదుట ఎవడును మరియొకనిలో సగము కాడు. మహా ప్రాణిని చిన్నవాటిచేత పోషించు దేవుడు తన సంఘమును గుప్పెడు బియ్యముచేత పోషించుచున్నాడు.

మరుసటి ఆదివారమున నేను ఆ పట్టికను మరల తెరచి, మొదట ఆమె పేరే చదివితిని. మీ యింటి లెక్కలోను, మీ పొలపు లెక్కలోను, మీ సంఘపు లెక్కలోను “మిగిలినవారు” అని వ్రాసిన చోట ఎవరున్నారో ఈ నెల వెదకి చూడుడి.

ప్రార్థన: సమస్తమును పేరు పేరున ఎరిగిన తండ్రీ, మా లెక్కలను నీ లెక్కతో సరిచేయుము. ఆమేన్.